రేడియేటర్ ఫ్యాన్ తిరగడం లేదా? మోటారు మార్చే ముందు ఈ వరుసలో చూడండి

కారు పరుగెడుతున్నంతసేపూ టెంపరేచర్ ముల్లు సగం దగ్గర బుద్ధిగా ఉంటుంది. ట్రాఫిక్‌లో ఆగి నాలుగైదు నిమిషాలయ్యేసరికి పైకి పాకుతుంది. బండి కదలగానే మళ్లీ దిగుతుంది. ఇలా జరుగుతుంటే ముందుగా రేడియేటర్ ఫ్యాన్‌నే అనుమానించాలి. ఆగి ఉన్నప్పుడు ఏసీ చల్లదనం తగ్గి, బండి కదిలాక మళ్లీ బాగుండటం కూడా ఇదే జబ్బుకు రెండో గుర్తు. ఇందుకు తలకిందులుగా, ఆగినప్పుడు బాగానే ఉండి హైవే మీద వేడెక్కుతుంటే ఫ్యాన్ జోలికి పోకండి. మూసుకుపోయిన రేడియేటర్, సరిగా తెరుచుకోని థర్మోస్టాట్ (రేడియేటర్‌కు దారి తెరిచే వాల్వు), అరిగిన వాటర్ పంప్, తగ్గిన కూలెంట్ (ఇంజిన్ వేడిని లాగే ద్రవం), వీటిలో ఏదో ఒకటి అయి ఉంటుంది. గంటకు 50-60 కిలోమీటర్ల వేగం దాటాక గ్రిల్‌లోంచి దూసుకొచ్చే గాలే రేడియేటర్‌కు సరిపోతుంది, ఫ్యాన్‌తో పెద్దగా పని ఉండదు.

ఫ్యాన్ ఆగిందనగానే మోటారు మార్చేయడం చాలాచోట్ల అలవాటు. మార్చాక కూడా తిరగకపోతే అప్పుడు వైర్లు వెతుకుతారు. ఈ వరుస తలకిందులు. ఫ్యాన్ తిరగకపోవడానికి ఉన్నవి రెండే దారులు: తిరగమనే ఆజ్ఞ రాలేదు, లేదా ఆజ్ఞ వచ్చినా కరెంటు మోటారును తిప్పలేకపోయింది. ఈ రెండింటిలో ఏదో తేలిపోయే చోటు ఒకటుంది, అదే రిలే (చిన్న కరెంటుతో పెద్ద కరెంటును కలిపే స్విచ్) సాకెట్. దాన్ని పట్టుకుంటే సగం పని ఐదు నిమిషాల్లో అయిపోతుంది.

లోపల ఏం జరుగుతుంది

ఇంజిన్ చల్లగా ఉన్నప్పుడు థర్మోస్టాట్ మూసుకుని ఉంటుంది, కూలెంట్ ఇంజిన్‌లోనే తిరుగుతుంది. సుమారు 82-88 డిగ్రీల సెల్సియస్ దగ్గర అది తెరుచుకోవడం మొదలై వేడి కూలెంట్ రేడియేటర్‌లోకి వెళ్తుంది. బండి ఆగి ఉంటే రేడియేటర్ మీదుగా గాలి ఉండదు కాబట్టి వేడి ఇంకా పెరుగుతుంది. చాలా కార్లలో 92-98 డిగ్రీల మధ్య ఫ్యాన్ తక్కువ వేగంతో, 100-105 దగ్గర పూర్తి వేగంతో తిరుగుతుంది. వేడి ఐదారు డిగ్రీలు దిగాక ఆగిపోతుంది. మీ కారుకు సరిగ్గా ఎంత అన్నది దాని సర్వీస్ మాన్యువల్‌లో చూసుకోవాలి, కొన్ని కొత్త ఇంజిన్లు కావాలనే ఇంకాస్త వేడిగా నడుస్తాయి.

పాత కార్లలో రేడియేటర్ ట్యాంకుకే ఒక థర్మో స్విచ్ బిగించి ఉంటుంది. వేడి తగలగానే అది రిలేను గానీ, నేరుగా ఫ్యాన్‌ను గానీ కలుపుతుంది. తర్వాతి కార్లలో ఇంజిన్ మీద కూలెంట్ సెన్సర్ ఉంటుంది. అది తన రీడింగ్‌ను ఈసీయూకు (ఇంజిన్‌ను నడిపే కంప్యూటర్‌కు) చెప్తుంది, ఈసీయూ రిలే కాయిల్‌కు ఎర్త్ ఇస్తుంది, రిలే బ్యాటరీ కరెంటును ఫ్యాన్‌కు వదులుతుంది. ఏసీ వేస్తే ఈసీయూ వేడి కోసం చూడదు. కండెన్సర్‌లోని (రేడియేటర్ ముందుండే ఏసీ జాలీలోని) గ్యాస్ ప్రెషర్‌ను బట్టి ఫ్యాన్‌ను ముందే తిప్పుతుంది. ఈ రెండో దారి ఉందని గుర్తుంచుకోండి, పరీక్షల్లో చాలా పనికొస్తుంది.

వేగాలు రెండు ఎందుకంటే, ఫ్యాన్ వేగం సగానికి తగ్గిస్తే అది తినే శక్తి సుమారు ఎనిమిదో వంతుకు పడిపోతుంది, గాలి మాత్రం సగం వస్తుంది. పైగా చప్పుడు తక్కువ. తక్కువ వేగం కోసం కొన్ని కార్లలో మోటారుకు వరుసగా ఒక రెసిస్టర్ పెడతారు. రెండు ఫ్యాన్లున్న కార్లు కొన్నిటిలో మూడు రిలేలతో రెండు మోటార్లనూ సిరీస్‌లో కలిపి నెమ్మదిగా, ప్యారలల్‌లో కలిపి వేగంగా తిప్పుతారు. కొత్త కార్లలో ఫ్యాన్ ఫ్రేమ్ మీదే ఒక కంట్రోల్ మాడ్యూల్ ఉంటుంది. ఈసీయూ పంపే పల్స్ సిగ్నల్‌ను బట్టి అది వేగాన్ని మెట్లు లేకుండా మారుస్తుంది.

చెయ్యి పెట్టే ముందు

ఇగ్నిషన్ ఆఫ్ చేసినా ఫ్యాన్ తిరగొచ్చు. వేడి ఇంజిన్‌ను ఆపాక కొన్ని నిమిషాలు తిరగడం చాలా కార్లలో మామూలే, అదీ చెప్పాపెట్టకుండా మొదలవుతుంది. కాబట్టి రెక్కలను ముట్టుకోవాలంటే బ్యాటరీ నెగెటివ్ టెర్మినల్ తీయాల్సిందే. ఫ్యాన్ తిరిగేలా చేసే పరీక్షలప్పుడు వేళ్లు, వదులు బట్టలు, వేలాడే వైర్లు దూరంగా ఉండాలి. ఇంజిన్ వేడిగా ఉండగా రేడియేటర్ మూత తీయకండి. ఆ మూత లోపల సుమారు ఒక బార్ ప్రెషర్‌ను ఆపి ఉంచుతుంది. ఆ ప్రెషర్ వల్లే కూలెంట్ 120 డిగ్రీలు దాటినా మరగకుండా ఉంటుంది. మూత తిప్పారంటే ప్రెషర్ పోయి ఒక్కసారిగా మరిగి ముఖం మీదికి వస్తుంది.

కావలసినవి: మల్టీమీటర్, 21 వాట్ల ఇండికేటర్ బల్బుకు రెండు వైర్లు కలిపి చేసుకున్న టెస్ట్ ల్యాంప్, 30 ఆంపియర్ల ఫ్యూజ్ మధ్యలో పెట్టిన 2.5 చదరపు మిల్లీమీటర్ల వైరు. ఈసీయూలోని రీడింగులు, తప్పు కోడ్‌లు చదివే ఓబీడీ స్కానర్, వైరు తెంపకుండా కరెంటు కొలిచే డీసీ క్లాంప్ మీటర్ ఉంటే ఇంకా మంచిది.

1. కూలెంట్ చూడండి

ఇంజిన్ పూర్తిగా చల్లారాక రేడియేటర్‌లోనూ, రిజర్వ్ ట్యాంకులోనూ మట్టం చూడండి. దీనికీ ఫ్యాన్‌కీ ఏం సంబంధం అనిపించొచ్చు. సెన్సర్ కొస కూలెంట్‌లో మునిగి ఉంటేనే సరైన వేడి చెప్తుంది. మట్టం తగ్గి అక్కడ గాలి బుడగ చేరితే ఇంజిన్ కాలిపోతున్నా సెన్సర్ తక్కువే చూపిస్తుంది, ఫ్యాన్ కదలదు. ఈ మధ్యే హోస్ పైపో, వాటర్ పంపో మార్చి గాలి సరిగా తీయకపోయినా ఇదే జరుగుతుంది.

2. ఏసీ వేసి చూడండి

ఇంజిన్ స్టార్ట్ చేసి ఏసీ పూర్తిగా వేయండి. ఒకటి రెండు నిమిషాల్లో ఫ్యాన్ తిరగాలి. తిరిగిందంటే ఆ వేగం వరకు మోటారు, వైర్లు, ఫ్యూజ్ బాగున్నట్టే. ఇక తప్పు వేడిని చెప్పే వైపు ఉంది: సెన్సర్, కూలెంట్ మట్టం, థర్మోస్టాట్. రెండు ఫ్యాన్లున్న కార్లలో ఏసీకి ఒకటే తిరిగే పద్ధతి కూడా ఉంది కాబట్టి ఏది తిరిగిందో టార్చి వేసి చూడండి. ఏసీలో గ్యాస్ లేకపోతే కంప్రెసర్ కలవదు, ఫ్యాన్ కూడా రాకపోవచ్చు. అప్పుడు ఈ పరీక్షతో ఏదీ తేలదు.

3. సెన్సర్ కనెక్టర్ ఊడదీయండి

ఇంజిన్ ఐడిల్‌లో ఉండగా ఈసీయూకు వెళ్లే కూలెంట్ సెన్సర్ కనెక్టర్ తీయండి. వేడి ఎంతో తెలియని ఈసీయూ, చాలా కార్లలో, ముందుజాగ్రత్తగా ఫ్యాన్‌ను పూర్తి వేగంతో తిప్పేస్తుంది. పనిముట్లు అక్కర్లేని పరీక్షల్లో దీన్ని మించింది లేదు. ఫ్యాన్ వచ్చిందంటే ఈసీయూ, రిలే, మోటారు అన్నీ పాస్. చెక్ ఇంజిన్ లైటు వెలుగుతుంది, తర్వాత కోడ్ చెరిపేసుకోవచ్చు. మీటరు ముల్లుకు విడిగా ఇంకో సెన్సర్ ఉండే కార్లున్నాయి, పొరపాటున దాన్ని తీస్తే ఏమీ జరగదు. థర్మో స్విచ్ ఉన్న పాత కార్లలో కనెక్టర్ తీసి, అందులోని రెండు పిన్నులను వైరుతో కలిపితే ఫ్యాన్ తిరగాలి.

సెన్సర్‌ను మీటర్‌తో కొలవాలంటే, చాలా సెన్సర్లు 20 డిగ్రీల దగ్గర 2000-3000 ఓమ్‌లు, 80 దగ్గర 300 చుట్టుపక్కల, 100 దగ్గర 200 లోపు చూపిస్తాయి. స్కానర్‌లో మైనస్ 40 కనిపిస్తే వైరు తెగిందనో, కనెక్టర్ ఊడిందనో అర్థం. కోడ్‌లలో పీ0117, పీ0118 సెన్సర్ సర్క్యూట్‌వి. పీ0480, పీ0481 ఫ్యాన్ కంట్రోల్ సర్క్యూట్‌వి. అయితే పీ0480 వచ్చిందని మోటారు కొనకండి. ఆ కోడ్ ఎక్కువగా చూసేది రిలే కాయిల్ వైపు ఉన్న సర్క్యూట్‌ను. మోటారు కాలిపోయినా ఏ కోడూ రాని కార్లు బోలెడు.

సెన్సర్ బాగుండి, కూలెంట్ నిండుగా ఉండి కూడా ఫ్యాన్ రాకపోతే రేడియేటర్ పై పైపు, కింది పైపు తాకి పోల్చండి. ఇంజిన్ బాగా వేడెక్కినా కింది పైపు, రేడియేటర్ చల్లగానే ఉన్నాయంటే థర్మోస్టాట్ మూసుకుపోయి ఉండొచ్చు. స్విచ్ రేడియేటర్‌కు ఉన్న కార్లలో వేడి కూలెంట్ అక్కడికి రానే రాదు కాబట్టి ఫ్యాన్ తిరగదు. అది ఫ్యాన్ తప్పు కాదు. దీనికి విరుగుడుగా థర్మోస్టాట్ పీకి పారేయడం ఇంకో చెడ్డ అలవాటు. ఇంజిన్ ఎప్పటికీ సరైన వేడికి రాదు, పెట్రోలు ఎక్కువ తాగుతుంది.

4. ఫ్యూజ్

ఫ్యాన్ ఫ్యూజ్ సాధారణంగా బానెట్ కింద పెట్టెలో 30 నుంచి 60 ఆంపియర్ల మధ్య ఉంటుంది. కంటితో చూసి వదిలేయకండి, టెస్ట్ ల్యాంప్‌తో రెండు కొసల్లోనూ కరెంటు ఉందో లేదో చూడండి. ఫ్యూజ్ పోయి ఉంటే అదే రేటింగ్‌ది వేయండి, పెద్దది వేస్తే వైరు కాలుతుంది. కొత్తది కూడా వెంటనే పోతే వైరు షార్ట్ అయినట్టు లేదా మోటారు జామ్ అయినట్టు. కొన్ని వారాలకోసారి పోతుంటే ఎక్కువగా మోటారు బేరింగో, బుష్షో బిగుసుకుంటోంది. ఫ్యూజ్ కాళ్లు కరిగి రంగు మారితే తప్పు ఫ్యూజ్‌ది కాకపోవచ్చు, సాకెట్ వదులై వేడెక్కుతోంది.

5. రిలే సాకెట్: అసలు చోటు

రిలే పీకి దాని మీద ముద్రించిన బొమ్మ చూడండి. పిన్ను నంబర్లలో 30 బ్యాటరీ కరెంటు, 87 ఫ్యాన్‌కు వెళ్లేది, 85, 86 కాయిల్‌వి. ఇగ్నిషన్ ఆఫ్‌లో ఉండగా ఫ్యూజ్ ఉన్న మీ వైరుతో సాకెట్‌లో 30ని 87కి కలపండి. ఏది ఏ రంధ్రమో రెండుసార్లు సరిచూసుకున్నాకే పెట్టండి. 30 నుంచి కాయిల్ పిన్నుకు పొరపాటున తగిలితే ఈసీయూ లోపలి ట్రాన్సిస్టర్ పోవచ్చు, దాని ముందు ఫ్యాన్ మోటారు ఖర్చు లెక్కే కాదు.

ఫ్యాన్ పూర్తి ఊపుతో తిరిగిందా? మోటారు, ఎర్త్, వైరు బాగున్నాయి. తప్పు రిలేలోనో, రిలేకు వచ్చే ఆజ్ఞలోనో ఉంది. 85, 86 రంధ్రాల మధ్య మల్టీమీటర్ పెట్టి, ఇంజిన్ ఆన్ చేసి, సెన్సర్ కనెక్టర్ తీయండి లేదా ఏసీ వేయండి. 12 వోల్టులు వస్తే ఆజ్ఞ వస్తోంది, రిలే మార్చండి. రాకపోతే ఆ రెండు పిన్నుల్లో ఒకదానికి ఇగ్నిషన్ కరెంటు ఉందో చూడండి. అది ఉంటే ఈసీయూ వైపు వైరును వెతకాలి. ఇక్కడ 21 వాట్ల బల్బు వాడకూడదు. రిలే కాయిల్ 50-120 ఓమ్‌లుంటుంది, తినేది రెండు వాట్ల చిల్లర. ఈసీయూ ఆ మాత్రానికే తయారైంది. బండిలో అదే నంబరున్న రిలే ఇంకోటి, హారన్‌దో మరొకదానిదో ఉంటే, దాన్ని మార్చి పెట్టి చూడటం సులువైన దారి. రిలే టిక్కుమన్నంత మాత్రాన బాగుందనుకోకండి. కాయిల్ పనిచేసినా లోపలి కాంటాక్ట్‌లు కాలిపోయి ఉండొచ్చు.

ఫ్యాన్ తిరగలేదా? 30లో కరెంటు ఉందో ల్యాంప్‌తో చూసి, ఉంటే మోటారు దగ్గరికి వెళ్లండి.

6. మోటారు దగ్గర

బ్యాటరీ నెగెటివ్ తీసి రెక్కను చేత్తో తిప్పండి. అయస్కాంతాల లాగుడు కొంచెం తెలుస్తూ తేలిగ్గా తిరగాలి. గరగరమన్నా, ఒకచోట పట్టేసినా, రెక్క కొసను ముందుకూ వెనక్కూ కదిపితే ఆట ఎక్కువున్నా బేరింగ్ పోయింది. తర్వాత కనెక్టర్ ఊడదీసి పిన్నులు చూడండి. ప్లాస్టిక్ గోధుమరంగుకు తిరిగి ఒక పిన్ను చుట్టూ కరిగి ఉంటే అక్కడ లూజ్ కాంటాక్ట్ ఉంది. కొత్త మోటారు వేసినా ఆ కనెక్టర్ మార్చకపోతే మళ్లీ కాలుతుంది.

నెగెటివ్ మళ్లీ కలిపి, రిలే సాకెట్‌లో వైరు అలాగే ఉంచి, మోటారుకు వచ్చే కనెక్టర్‌లో 21 వాట్ల బల్బు పెట్టండి. ప్రకాశంగా వెలిగితే దాదాపుగా తప్పు మోటారుదే. మసకగా వెలిగితే వైరులోనో ఎర్త్‌లోనో తుప్పు ఉంది. మల్టీమీటర్ ఒక్కటే నమ్ముకున్నవాళ్లు మోసపోయేది సరిగ్గా ఇక్కడే. తుప్పుపట్టి ఒక్క పోగు మిగిలిన వైరు కూడా మీటర్‌లో 12 వోల్టులు చూపిస్తుంది, ఎందుకంటే మీటర్ కరెంటు లాగదు. బల్బు లాగుతుంది, నిజం బయటపడుతుంది.

రెండు వైర్ల బ్రష్ మోటారైతే బ్యాటరీ నుంచి నేరుగా ఫ్యూజ్ వైరుతో కరెంటు ఇచ్చి చూడొచ్చు. రెండు లావు వైర్లతో పాటు సన్న వైర్లు కూడా ఉన్న మాడ్యూల్ రకాన్ని ఇలా పరీక్షించకండి, ఏ వైరు ఏదో తెలియకుండా కరెంటిస్తే మాడ్యూల్ పోతుంది. దానికి స్కానర్‌లోని యాక్చుయేటర్ టెస్ట్ (స్కానర్ నుంచే ఫ్యాన్‌ను తిప్పించే పరీక్ష) వాడాలి.

మోటారు వెనుక స్క్రూడ్రైవర్ పిడితో నెమ్మదిగా తట్టినప్పుడు తిరగడం మొదలైతే కార్బన్ బ్రష్‌లు అరిగిపోయాయి. ఆ దెబ్బతో అది నాలుగు రోజులు నడుస్తుంది, అంతకుమించి ఆశపడకండి.

తిరుగుతోంది గానీ నీరసంగా తిరుగుతుంటే క్లాంప్ మీటర్ తీయండి. మామూలు కారు మోటారు ఒక్కొక్కటి 10-25 ఆంపియర్లు లాగుతుంది. కరెంటు ఎక్కువ, వేగం తక్కువ అంటే మోటారు లోపల బిగుసుకుంటోంది. కరెంటు తక్కువ, వేగం తక్కువ అంటే దారిలో అడ్డు ఉంది. ఆ అడ్డు ఎక్కడో పట్టుకోవాలంటే ఫ్యాన్ తిరుగుతుండగా మల్టీమీటర్ ఒక కొస బ్యాటరీ పాజిటివ్‌కు, రెండోది మోటారు పాజిటివ్ పిన్నుకు పెట్టండి. 0.5 వోల్టు దాటకూడదు. అలాగే మోటారు ఎర్త్ నుంచి బ్యాటరీ నెగెటివ్‌కు 0.2 లోపు ఉండాలి. దాటిన వైపు కనెక్టర్లు ఒక్కొక్కటే శుభ్రం చేస్తూ కొలవండి. ఎక్కువసార్లు బాడీకి బిగించిన ఎర్త్ బోల్టు కింద తుప్పే దొరుకుతుంది.

లక్షణాన్ని బట్టి సూటిగా

తక్కువ వేగం అసలు రాదు, ముల్లు బాగా పైకెళ్లాక ఒక్కసారిగా హోరున తిరిగి ఆగిపోతుంది: రెసిస్టర్ కాలిపోయింది. ఫ్యాన్ ఫ్రేమ్ మీద గాలి తగిలే చోట వెతకండి. దాని మంచి విలువ చాలా తక్కువ, ఒక ఓమ్ లోపే. మీటర్‌లో తెగినట్టు చూపిస్తే మార్చండి.

సిరీస్ పద్ధతి ఉన్న కారులో తక్కువ వేగంలో రెండు ఫ్యాన్లూ తిరగవు, పూర్తి వేగంలో ఒకటే తిరుగుతుంది: తిరగని దాని మోటారు తెగింది. సిరీస్‌లో ఒకటి తెగితే రెండోదానికీ కరెంటు అందదు కదా.

ఇంజిన్ ఆపినా అరగంటైనా ఆగదు: రిలే కాంటాక్ట్‌లు అతుక్కుపోయాయి. రిలే పీకగానే ఆగితే అదే. తెల్లారేసరికి బ్యాటరీ ఖాళీ చేసేది ఇదే. ఇగ్నిషన్ ఆన్ చేయగానే చల్లటి ఇంజిన్‌లో కూడా తిరుగుతుంటే సెన్సర్ వైరు తెగి ఉండొచ్చు, ఏసీ ప్రెషర్ సెన్సర్ పోయినా ఇలా చేసే కార్లున్నాయి.

ఫ్యాన్ బాగా తిరుగుతోంది, ఇంజిన్ మాత్రం చల్లారదు: గ్రిల్ ముందు, కండెన్సర్ దగ్గర ఒక కాగితం పట్టుకోండి. ఫ్యాన్ వెనక్కి లాగే రకమైతే కాగితం అతుక్కోవాలి. బయటికి ఎగిరితే మోటారు వైర్లు తారుమారయ్యాయి, రెక్క ఎదురు తిరుగుతోంది. ఎటూ కదలకపోతే కండెన్సర్‌కూ రేడియేటర్‌కూ మధ్య దుమ్ము, పురుగులు, ఆకులు పేరుకున్నాయి. ఇంజిన్ వైపు నుంచి బయటికి తక్కువ ప్రెషర్ నీళ్లు కొట్టండి, ప్రెషర్ వాషర్ దగ్గరగా పెడితే ఫిన్‌లు (సన్నటి రేకులు) వంగి ఉన్న దారి కూడా పోతుంది. ఫ్యాన్ చుట్టూ ఉండే ప్లాస్టిక్ ష్రౌడ్ విరిగినా గాలి రేడియేటర్ అంతటి నుంచీ రాదు, రెక్కల ముందున్న భాగం నుంచే వస్తుంది. ఆ ముక్క అలంకారానికి పెట్టింది కాదు.

బెల్టుతో తిరిగే విస్కస్ క్లచ్ ఫ్యాన్ అయితే ఈ కరెంటు గోలేదీ లేదు. ఇంజిన్ ఆపి, చల్లగా ఉన్నప్పుడూ వేడిగా ఉన్నప్పుడూ చేత్తో తిప్పండి. వేడిలో గట్టిగా అడ్డుకోవాలి. రెండింటిలోనూ గిరగిరా తిరిగితే లోపలి సిలికాన్ ద్రవం కారిపోయింది, క్లచ్ ముఖం మీద నూనె చారలు కనిపిస్తాయి.

మోటారు మార్చాల్సి వస్తే

నెగెటివ్ టెర్మినల్ తీసి, కనెక్టర్ ఊడదీసి, ష్రౌడ్ బోల్టులు విప్పండి. చాలా కార్లలో అవి 10 మిల్లీమీటర్ల తలవి. ఫ్రేమ్‌ను పైకి లాగేటప్పుడు రేడియేటర్ ఫిన్‌లకు రాసుకోకుండా మధ్యలో అట్టముక్క పెట్టండి. రెక్కను పట్టి ఉంచే నట్టు కొన్నిటిలో ఎడమ మరది, విప్పే దిక్కు తెలియకుండా బలం పెట్టకండి. పగిలిన రెక్క అతికించి వాడితే బ్యాలెన్స్ తప్పి కొత్త బేరింగ్‌ను తినేస్తుంది.

కొందరు ఆజ్ఞ వైపు తప్పు వెతకలేక ఫ్యాన్‌ను ఇగ్నిషన్‌కు డైరెక్ట్ చేసి పంపేస్తారు. దారిలో చిక్కుకుంటే ఇంటికి చేరడానికి పనికొస్తుంది గానీ అలాగే వదిలేస్తే మోటారు రోజంతా తిరిగి బ్రష్‌లు తొందరగా అరుగుతాయి, సన్నటి వైరు వేసి ఉంటే అది కాలుతుంది. ఫ్యాన్ దారిలోనే ఆగిపోతే ముందు ఏసీ ఆపి, హీటర్ పూర్తి వేడిలో, బ్లోయర్ పూర్తి వేగంలో పెట్టండి, బండిని ఆపకుండా కదుపుతూ ఉండండి. హీటర్ కూడా చిన్న రేడియేటరే. ముల్లు ఎరుపు గీతకు చేరితే మాత్రం ఇంజిన్ ఆపేయాలి.

పని పూర్తయ్యాక బానెట్ ఎత్తి ఉంచి, ఏసీ లేకుండా ఇంజిన్‌ను ఐడిల్‌లో వదిలి స్కానర్‌లో కూలెంట్ వేడి చూడండి. ఫ్యాన్ ఏ డిగ్రీ దగ్గర మొదలైంది, ఏ డిగ్రీ దగ్గర ఆగింది రాసుకోండి. కనీసం రెండుసార్లు తిరిగి ఆగాలి, రెండుసార్లూ అంకెలు దాదాపు ఒకటే ఉండాలి. మొదటిసారి 96కి వచ్చి రెండోసారి 103 దాకా రాకపోతే కూలెంట్‌లో గాలి ఇంకా ఉంది, మళ్లీ తీయండి.